గోదావరి తీరమున గురు గోవింద సింగు

పై తరగతుల బాలబాలికలను గోదావరీనది గతిని పటముమీద చూపుమని మేమడిగినప్పుడెల్ల, వారు త్ర్యంబకమున మొదలిడి నాసికను, బాసరను, ధర్మపురిని, భద్రాచలమును, రాజమహేంద్రవరమును తడబడక చూపుదురు. నడుమనున్న నాందేడుకడ వారి వ్రేలు నిలువదు. ఆ పట్టణము మన తెలుగు సీమకు పొరుగుననే యున్నది. 1956వ సంవత్సరమువరకు అది హైదరాబాదు రాజ్యములోనిదే. పిమ్మట బొంబాయి రాష్ట్రమునను, 1960 నుండి మహారాష్ట్రమునను చేరినది. నాందేడు రేవులను ఒరసికొని పారిన నీరే కందకుర్తికడ మంజీరను కలుపుకొని తెలంగాణమున ప్రవేశించుచున్నది.

సిక్కులకు నాందేడు పరమ పుణ్యక్షేత్రము. వారి మతమునకు తఖ్తులని పేరుగల అధికారపీఠము లయిదు గలవు. వానిలో మూడు పంజాబులోను, ఒకటి బీహారమందలి పాట్నాలోను ఉండగా, అయిదవది ఈ గోదావరి యొడ్డుననే యున్నది. పంజాబునుండి వేయి మైళ్లకు పైగా ప్రయాణముచేసి యాత్రికులు సంవత్సరము పొడవున ఇక్కడకు వచ్చుచుందురు. పంజాబులో పుట్టిన మతమునకు దక్షిణాపథమున ఇంతటి క్షేత్రమెట్లు ఏర్పడెనని మాతో నొకసారి అక్కడకు వచ్చిన విద్యార్థు లడిగిరి. దానికి ప్రత్యుత్తరము ఒక మనుష్యుని జీవితమును మొదటినుండి చెప్పినగాని తేలదు. అందుచేత దానినే ఇచ్చట వ్రాయుచున్నాము.

సిక్కు అను మాటకు శిష్యుడని యర్థము. 1469లో జన్మించిన నానకు ఈ శిష్యులకు మొదటి గురువు. ఆయన తరువాత ఒకరి వెనుక నొకరుగా తొమ్మండుగురు గురువులైరి. అందు కడపటివాడు గోవిందుడు. ఆయన ముత్తాతయైన అర్జున గురువు భక్తుల కీర్తనల నన్నిటిని ప్రోవుచేయించి 1604లో ఒక గ్రంథముగా కూర్చెను; రెండేండ్లకే, 1606లో, లాహోరున మొగలు ప్రభుత్వముచే చిత్రవధకు గురియై మరణించెను. ఈ రెండు సంగతులను, అనగా గ్రంథమును, గురువుల మరణమును, చదువరులు మనస్సున నుంచుకొనవలెను. మన కథ వానిమీదనే నడచును.

గోవిందుడు 1666వ సంవత్సరము డిసెంబరు నెలలో పాట్నా నగరమున జన్మించెను. తండ్రి తేగబహదూరు గురువు, తల్లి గుజరీ. గంగానది యొడ్డున ఆయన బాల్యము గడచినది. పిదప కుటుంబము పంజాబునకు మరలి, హిమాలయపు పాదముననున్న ఆనందపురమున నివసించెను. అది తేగబహదూరు 1665లో కట్టించిన ఊరు.

ఔరంగజేబు ప్రభుత్వమున తమ మతమునకు హాని వాటిల్లుచున్నదని కాశ్మీర బ్రాహ్మణులు ఆనందపురమునకు వచ్చి తేగబహదూరును శరణు వేడిరి. ఆయన వారి పక్షమున ఢిల్లీకి పోయి, 1675 నవంబరులో చాందినీచౌకున బహిరంగముగా శిరశ్ఛేదము నొందెను. తనది కాని మతమువారికొరకు ఆయన ప్రాణమిచ్చెనని గమనింపవలెను. జైతా యను శిష్యుడు, ఊరివారు అంటరానివాడని దూరముంచిన కులమునకు చెందినవాడు, ఆ శిరస్సును రహస్యముగా తీసికొని పగలు దాగి రాత్రి నడచి ఆనందపురము చేర్చెను. దానిని అందుకొన్న కుమారునికి తొమ్మిదేండ్లు. ఆయనయే పదవ గురువాయెను.

ఆ బాలుడు సంస్కృతమును, పారసీకమును, వ్రజభాషను చక్కగా నేర్చెను. గుఱ్ఱపుస్వారి, విలువిద్య, వేట వానితో సమానముగా సాగినవి. యౌవనమున యమునాతీరమున పావుంటా యను చోట కొంతకాలముండి, పలువురు కవులను చేరదీసి, తానును కవిత్వము వ్రాయుచుండెను. ఆ సుఖము ఎంతోకాలము నిలువలేదు. ఇరుగుపొరుగు కొండరాజులు ఈర్ష్యచే ఆయనపై దండెత్తగా 1688లో భంగాణీకడ యుద్ధము జరిగెను. చరిత్రను రెండు మతముల పోరుగా మాత్రమే చదువుకొనువారు ఇచ్చట ఒక క్షణము ఆగవలెను. దండెత్తి వచ్చిన రాజులు హిందువులు. గురువునకు తోడ్పడుటకై తన కుమారులతోను, వందలకొలది అనుచరులతోను వచ్చినవాడు బుద్ధూషా యను మహమ్మదీయ సాధువు. ఆయన కుమారులిరువురు ఆ యుద్ధమున గురువుకొరకు ప్రాణములు విడిచిరి.

పిమ్మట గురువు ఆనందపురమునకు మరలి దాని చుట్టును అయిదు కోటలు కట్టించెను. ఇంటి లోపల మరియొక శత్రువు ఉండెను. శిష్యులవద్ద కానుకలు వసూలుచేసి పంపుటకు పూర్వపు గురువులు నియమించిన మసందులు అను ప్రతినిధులు కాలక్రమమున లోభులై, సొమ్ము తామే తినుచు, బీదలను పీడించుచు, తామే చిన్న గురువులవలె మెలగుచుండిరి. గోవిందుడు ఆ యుద్యోగమునే తీసివేసెను. శిష్యునకును గురువునకును నడుమ దళారి యుండరాదని ఆయన నిశ్చయము.

1699వ సంవత్సరపు వైశాఖి పండుగకు ఆనందపురమున పెద్ద సభ కూడెను. గురువు దూసిన కత్తితో సభయెదుట నిలిచి, తనకు ఒక శిరస్సు కావలెనని అడిగెను. జనులు నిర్ఘాంతపోయిరి, కొందరు మెల్లగా జారుకొనిరి. మూడవసారి అడుగగా లాహోరువాడైన దయారాముడు లేచెను. గురువు అతనిని డేరాలోనికి తీసికొనిపోయి, మరల ఒంటరిగా వెలుపలికి వచ్చి, ఇంకొకనిని కోరెను. హస్తినాపురపు రైతు ధర్మదాసును, పూరీ జగన్నాథమున నీళ్లు మోయువాడైన హిమ్మతురాయుడును, ద్వారకలో బట్టలకు అద్దకము వేయు మొహకముచందును, బీదరు పట్టణపు మంగలియైన సాహెబుచందును ఒకరి వెనుక నొకరు లేచి లోపలికి పోయిరి. తుదకు డేరా తెర తొలగించగా అయిదుగురును క్రొత్త వస్త్రములు ధరించి సజీవులై నిలిచియుండిరి. బీదరు మన హైదరాబాదునకు ఎంతో దూరము కాదు. దేశపు నాలుగు మూలలనుండి వచ్చిన ఆ అయిదుగురిలో దక్కనువాడొకడు ఉండుట మన ప్రాంతపు పిల్లలు ఎరుగదగిన సంగతి.

గురువు ఇనుప గిన్నెలో నీరుపోసి, బత్తాసులు వేసి, రెండంచుల కత్తితో కలిపి, ఆ అమృతమును వారికిచ్చి ఒకే గిన్నెనుండి త్రావించెను. మంగలి త్రావిన గిన్నెతో ఖత్రీ త్రావెను. అందరికిని సింగు, అనగా సింహము, అను ఒక్కటే పేరు. స్త్రీలకు కౌరు అని పేరు. కత్తిరింపని వెండ్రుకలు, దువ్వెన, ఉక్కు కడియము, కత్తి, పొట్టి లాగు అను అయిదు గుర్తులను వారు విడువరాదు. ఈ సమాజమునకు ఖాల్సా యని పేరిడెను.

ఇంతవరకు పాఠ్యపుస్తకములును చెప్పుచున్నవి. దాని తరువాత జరిగినదే మాకు మిక్కిలి ఆశ్చర్యము గొలుపుచున్నది. తానిచ్చిన దీక్షను తనకు మరల ఇండని గురువు ఆ అయిదుగురి యెదుట చేతులు జోడించి నిలిచెను. వారు వెఱచిరి, ఆయన వదలలేదు. శిష్యులు గురువునకు అమృతమిచ్చిరి. అంతవరకు గోవిందరాయుడైనవాడు ఆనాటినుండి గోవింద సింగాయెను. ఇరువది సంవత్సరములకు పైగా పాఠము చెప్పుచున్న మేము నిజము చెప్పుకొనవలెనన్న, తరగతిలో ఒక పిల్లవాడు మా తప్పును దిద్దినప్పుడు సంతోషముగా ఒప్పుకొనుట కూడ మాకు ఇంకను సులభముగా లేదు. ముప్పదిరెండేండ్ల ప్రాయమున, వేలమంది చూచుచుండగా, ఒక గురువు మంగలియెదుట మోకాళ్లూనిన ఆ దృశ్యమును మేము పలుమారులు తలచుకొందుము.

కులములు కలిసి ఒక గిన్నెలో త్రావుట కొండరాజులకు సహింపరానిదాయెను. ఆయన బలము పెరుగుట మొగలు అధికారులకు సరిపడలేదు. ఉభయులును కలిసి ఆనందపురమును పలుమారులు ముట్టడించిరి. ఆ యుద్ధములలో కన్నయ్య యను శిష్యుడు తోలుసంచితో నీరు మోసికొనిపోయి గాయపడినవారికి త్రాగించుచుండెను. మనవారికిని శత్రువులకును భేదములేక నీరు పోయుచున్నాడని తోటివారు అతనిమీద ఫిర్యాదు చేసిరి. గురువు పిలిచి అడుగగా, తనకు ఆ ముఖములన్నిటియందును గురువే కనబడుచున్నాడని అతడు మనవి చేసెను. గురువు కోపింపలేదు సరికదా, ఇకమీదట నీటితోపాటు గాయములకు మందును కూడ తీసికొనిపొమ్మని లేపనపు డబ్బి నొకటి అతని చేతికిచ్చెను. సిక్కులు ఈ కన్నయ్యను నేటికిని ప్రేమతో స్మరింతురు.

కడపటి ముట్టడి నెలల తరబడి సాగెను. కోటలో ధాన్యము నిండుకొనెను. చెట్ల బెరళ్లు సైతము తినిరి. ఓర్వలేక నలువదిమంది, తాము ఇకమీదట నీ శిష్యులము కామని కాగితముమీద వ్రాసియిచ్చి వెడలిపోయిరి. గురువు ఆ కాగితమును పారవేయక తన వద్దనే యుంచుకొనెను. తుదకు 1704వ సంవత్సరపు చలికాలమున (1705 అని లెక్కించు పండితులును గలరు), క్షేమముగా పోనిత్తుమని శత్రువులు ప్రమాణముచేయగా, ఆయన పరివారముతో కోట విడిచెను. ప్రమాణము నిలువలేదు. పొంగుచున్న సర్సా నదికడ శత్రువులు వెన్నంటి వచ్చి పైబడిరి. ఏటి నీటిలో మనుష్యులును, ఏండ్ల తరబడి వ్రాసిన వ్రాతప్రతులును కొట్టుకొనిపోయినవి. కుటుంబము చెల్లాచెదరాయెను.

ఆ వారములో జరిగినది వ్రాయుటకు చేయి ఆడదు. గురువు పెద్ద కుమారులిద్దరితోను, నలువదిమందితోను చమ్కౌరు గ్రామమున ఒక మట్టియింట చిక్కుకొనెను. పదునేడు పదునెనిమిదేండ్ల అజిత సింగును, అతనికంటె మూడు నాలుగేండ్లు చిన్నవాడైన జుఝారు సింగును తండ్రి చూచుచుండగనే బయటికిపోయి పోరాడి చనిపోయిరి. చిన్న కుమారులు జోరావరు సింగు, ఫతే సింగు అవ్వ గుజరీతో పట్టువడి సర్హిందు నవాబైన వజీరుఖాను చేతిలో పడిరి. పెద్దవానికి తొమ్మిదేండ్లు నిండియుండునేమో. చిన్నవాడు అంతకంటె మూడేండ్లు చిన్న. మతము మార్చుకొన్నచో విడిచెదమనగా వారు ఒప్పుకొనలేదు. వారిని గోడలో పెట్టి ఇటుకలు కట్టించి చంపించిరి. ఆ కొలువులోనే కూర్చున్న మాలేరుకోట్ల నవాబు షేరుమహమ్మదుఖాను, పసిపిల్లలను చంపుట ధర్మము కాదని లేచి అడ్డు చెప్పెను. అతని మాట చెల్లలేదు. ఆ యొక్కమాటకుగాను సిక్కులు మాలేరుకోట్ల యందు ఈనాటికిని గౌరవము చూపుచున్నారు. మనుమల వార్త విని అవ్వయు ప్రాణము విడిచెను.

కాళ్లు బొబ్బలెక్కి, ఒంటరియై మాఛీవాడా అడవిలో పడియున్న గురువును గనీఖాను, నబీఖాను అను ఇరువురు మహమ్మదీయ సోదరులు పల్లకిలో నుంచి, తమ పీరు అని చెప్పి, శత్రు సైన్యముల నడుమనుండి దాటించిరి. మరణమునుండి తప్పించుకొని ఆయన పారసీక పద్యములలో ఔరంగజేబునకు ఒక లేఖ వ్రాసెను. దానికి జఫర్‌నామా, అనగా విజయపత్రిక, యని పేరు. సర్వమును పోగొట్టుకొన్నవాడు విజయమని పేరిడుట వింతగా తోచును. ప్రమాణము చేసి తప్పినవాడే ఓడినవాడని దాని భావము.

ఇక ఆ నలువదిమంది సంగతి. వారు ఇండ్లకు పోగా స్త్రీలు వారిని లోనికి రానీయలేదట. ఝబాలు గ్రామపు భాగకౌరు, మాయీ భాగో యని ప్రసిద్ధురాలు, వారిని చీవాట్లు పెట్టి, తానే పురుషవేషమున ఆయుధము పట్టి ముందు నడచెను. ఖిద్రాణా చెరువుకడ గురువును తరుముకొనివచ్చిన సేనను వారడ్డగించి పోరాడి దాదాపు అందరును నేలకొరిగిరి. యుద్ధము ముగిసిన పిదప గురువు వారిలో ఒక్కొక్కని ముఖము తుడుచుచు తిరుగుచుండగా, మహా సింగు అనువాడు కొనయూపిరితో నుండెను. అతడు వేరేమియు కోరలేదు. తాము వ్రాసియిచ్చిన ఆ కాగితమును చించివేయుమని వేడుకొనెను. గురువు దానిని తన దుస్తులలోనుండి తీసి అక్కడనే చించెను. ఆ చోటు నేడు ముక్తసరమని పిలువబడుచున్నది. భాగకౌరు ఆనాటినుండి గురువుతోడనే యుండి నాందేడువరకు వచ్చెను. కడపట బీదరు దాపుననున్న జన్‌వాడా గ్రామమున కన్నుమూసెను.

తల్వండి గ్రామమున గురువు కొన్ని నెలలు విశ్రమించెను. నలుగురు కుమారులేరని దుఃఖించువారికి, కూడియున్న శిష్యులందరు తన కుమారులేయని ఆయన చూపినట్లు చెప్పుదురు. అక్కడ ఆయన మణి సింగును వ్రాయసకానిగా కూర్చుండబెట్టి, ముత్తాత కూర్చిన గ్రంథమును మరల వ్రాయించి, అందు తండ్రి తేగబహదూరు కీర్తనలను చేర్చెను. తానెంతో కవిత్వము వ్రాసినవాడయ్యు, తన రచనలను అందు చేర్చలేదు. ఈ సంగతిని గురించి ఉపాధ్యాయులమైన మేము పిల్లలకు తగినంతగా చెప్పుట లేదని మాకు తోచుచున్నది.

1707 మార్చిలో ఔరంగజేబు అహమ్మదునగరమున చనిపోయెను. కుమారులు సింహాసనముకొరకు పోరాడగా పెద్దవాడు బహదూరుషా గెలిచెను. ఆ జూలైలో గురువు ఆగ్రాకడ ఆయనను కలిసికొనెను. చక్రవర్తి ఆయనను గౌరవించి ఉడుగరలిచ్చెను. తండ్రిని చంపించిన చక్రవర్తి కుమారునితో గురువు మాటలాడుటకు ఎట్లు సమ్మతించెనని మా విద్యార్థులు అడుగుదురు. వజీరుఖానునకు న్యాయమైన శిక్ష కలుగవలెననియు, తన ప్రజలు ఆనందపురమున నెమ్మదిగా బ్రతుకవలెననియు ఆయన కోరిక. అది మాటలతో సిద్ధించునేని కత్తి దూయనక్కరలేదు గదా. చక్రవర్తి అవునని అనలేదు, కాదనియు అనలేదు. అంతలో ఆయన తమ్ముడు కాంబక్షు హైదరాబాదున స్వతంత్రుడై తిరుగబడగా, చక్రవర్తి సేనతో దక్షిణమునకు కదలెను. సంభాషణ తెగక సాగుచుండుటచే గురువును వెంట బయలుదేరెను. బురహానుపురము మీదుగా 1708లో వారు నాందేడు చేరిరి. చక్రవర్తి హైదరాబాదునకు సాగిపోయెను. కాంబక్షు 1709 జనవరిలో హైదరాబాదు పొలిమేరలలో ఓడి, గాయములచే చచ్చెను. గురువు మాత్రము గోదావరి యొడ్డుననే ఆగెను.

ఆ యొడ్డున మాధవదాసు అను బైరాగి మఠము కట్టుకొని మంత్రతంత్రములకు పేరుపొంది యుండెను. అతడు కాశ్మీరపు కొండప్రాంతమున పుట్టినవాడు. బాల్యమున వేటలో చంపిన లేడి గర్భమున పిల్లలను చూచి విరక్తుడై దేశములు తిరిగి ఇక్కడ స్థిరపడెను. అతడు లేని సమయమున గురువు మఠమునకు పోయి అతని ఆసనముమీదనే కూర్చుండెను. మండిపడుచు వచ్చిన బైరాగి కొన్ని మాటలకే చల్లబడి శిష్యుడాయెను. అతడే బందా సింగు. గురువు అతనికి అయిదు బాణములు, జెండా, పంజాబు సిక్కులకు ఆజ్ఞాపత్రములు ఇచ్చి, కొద్దిమందిని తోడుచేసి ఉత్తరమునకు పంపెను. అతడు 1710లో సర్హిందును జయించెను; వజీరుఖాను ఆ యుద్ధమున హతుడాయెను. నాణెములు వేయించినప్పుడు అందు తన పేరు వేసికొనక గురువుల పేరు వేయించెను. 1716లో ఢిల్లీలో అతనిని ఘోరముగా చంపిరి.

గురువు ఆ విజయమును చూడలేదు. ఒకనాటి సాయంకాలము ప్రార్థనానంతరము ఆయన తన డేరాలో విశ్రమించియుండగా, భక్తునివలె వచ్చి పోవుచుండిన ఒక పఠాను కత్తితో పొడిచెను. అతనిని సర్హిందు నవాబే పంపెనని సిక్కుల సంప్రదాయము. గురువు వెంటనే లేచి ఆ హంతకుని తన కత్తితోనే కూల్చెను. గాయమును కుట్టిరి, అది మానుచున్నట్లే కనబడెను. కొన్నిదినములకు ఒక గట్టి విల్లు ఎక్కుపెట్టబోగా కుట్లు తెగి రక్తము ప్రవహించెను. ఇక బ్రదుకనని ఆయనకు తెలిసిపోయెను.

శిష్యుల యెదుట ఇప్పుడొక పెద్ద చిక్కు నిలిచినది. గురువునకు కుమారులు లేరు. ఇదివరలో ఒక్కొక్క గురువు మరణించినప్పుడెల్ల పీఠముకొరకు అన్నదమ్ములలో కలహములు పుట్టినవి. 1664లో ఎనిమిదవ గురువు బాలుడుగానే చనిపోగా, బకాలా గ్రామమున ఇరువదిఇద్దరు తామే గురువులమని గద్దెలు వేసికొని కూర్చుండిరట. ఇప్పుడు పంజాబు ఎంతో దూరమున నున్నది. బందా వంటి తేజోవంతుడు శిష్యులకు నాయకుడై పోవుచున్నాడు. గురువు ఒక్క పేరు పలికిన చాలును; పలుకకున్నచో ఇరువదిమంది పుట్టుదురు.

ఆయన ఏ మనుష్యుని పేరును పలుకలేదు. గ్రంథమును తెప్పించి, విప్పించి, దానియెదుట అయిదు పైసలును, కొబ్బరికాయను ఉంచెను. పూర్వపు గురువులు తమ తరువాతివానిని గద్దెమీద కూర్చుండబెట్టునప్పుడు చేయు మర్యాద అదే. ఆయన దానికి ప్రదక్షిణముచేసి తలవంచి నమస్కరించెను. ఇకమీదట గ్రంథమే గురువనియు, లోక వ్యవహారమున శిష్యుల సమాజమునకే అధికారమనియు నిర్ణయించెను. 1708 అక్టోబరు 7వ తేదీన, నలువదియొక్క యేండ్ల ప్రాయమున, గురు గోవింద సింగు గోదావరి తీరమున పరమపదించెను. ఆనాటినుండి సిక్కులకు మనుష్య గురువు లేడు. ఆ గ్రంథమున గురువుల కీర్తనలే కాక, నేతగాడైన కబీరు, చర్మకారుడైన రవిదాసు, మహమ్మదీయ సాధువైన ఫరీదు మొదలగువారివియు నున్నవి. నాందేడునకు పొరుగున హింగోలి ప్రాంతపు నర్సి గ్రామమున పుట్టెనని చెప్పబడు నామదేవుని పాటలును అందు గలవు. పంజాబునుండి వచ్చిన ఆ పుస్తకము గురువుగా ప్రతిష్ఠింపబడినది ఆ భక్తుని దేశముననే.

మరణవార్త చక్రవర్తికి చేరగా, గురువు విడిచిన సొత్తును వాడుకచొప్పున ప్రభుత్వము స్వాధీనము చేసికొనవలెనా యని అధికారు లడిగిరి. ఒక ఫకీరు సొత్తుతో ప్రభుత్వపు ఖజానా నిండనక్కరలేదని, దానిని ముట్టవలదని బహదూరుషా ఆజ్ఞ ఇచ్చినట్లు ఆనాటి దర్బారు వార్తాపత్రములలో నున్నది. మొగలులను గూర్చి పరుషముగా వ్రాసిన మేము ఈ మాటను కూడ వ్రాయుట న్యాయము.

కొందరు శిష్యులు అక్కడనే నిలిచి దహనస్థలమున చిన్న మందిరము కట్టి, వచ్చినవారికి అన్నము పెట్టుచుండిరి. ఇప్పుడున్న కట్టడము పంజాబు మహారాజైన రణజితు సింగు ధనమును, శిల్పులను పంపి 1832 మొదలు 1837 వరకు కట్టించినది. అప్పుడే నిజాము మంత్రి చందులాలు కాలమున సిక్కు సైనికులు హైదరాబాదు కొలువున చేరిరి. వారి సంతతివారు దక్కనీ సిక్కులని పిలువబడుచు, హైదరాబాదునందును తెలంగాణపు పట్టణములందును ఉన్నారు. పలువురు తెలుగు మనవలెనే మాటలాడుదురు. క్షేత్రపు పరిపాలనకై 1956లో హైదరాబాదు శాసనసభ ప్రత్యేకమైన చట్టము చేసెను. 2008లో గ్రంథ ప్రతిష్ఠకు మూడువందల యేండ్లు నిండిన యుత్సవము జరిగినప్పుడు పట్టణపు వీధులును నదీతీరపు మెట్లును బాగుపడినవి.

క్షేత్రమునకు తఖ్తు సచ్‌ఖండు హుజూరు సాహెబని పేరు. తెల్లని రెండంతస్తుల మందిరముమీద బంగారుపూత గోపురము మెరయుచుండును. గర్భగృహమున గురువు ఆయుధము లున్నవి. వానిని ప్రతిసాయంకాలము యాత్రికులకు చూపుదురు. 35 బాణములుగల అమ్ములపొదియు, విండ్లు రెండును, రత్నములు తాపిన డాలును మేము చూచితిమి. గోదావరినుండి దినదినము బిందెతో నీరు తెచ్చి గర్భగృహమును కడుగుట ఇక్కడి ఆచారము. బందా మఠమున్న చోట బందాఘాటు, నదికి పైగా నగీనాఘాటు, హీరాఘాటు, శికారుఘాటు మొదలైన చోట్లు చూడదగినవి.

చూడగోరువారు సికిందరాబాదునుండి నిజామాబాదు, బాసరల మీదుగా రైలులో పోవచ్చును. అమృతసరమునుండి వచ్చువారికి సచ్‌ఖండ్ ఎక్స్‌ప్రెస్ గలదు. లోనికి పోవునప్పుడు చెప్పులు విడిచి, తలమీద గుడ్డ కప్పుకొని, పొగాకు వస్తువులేవియు వెంట లేకుండ పోవలెను. ఏ కులమువారైనను, ఏ మతమువారైనను అడ్డులేదు. భోజనశాలలో నేలమీద వరుసగా కూర్చుండవలెను. రొట్టెను రెండు చేతులు చాపి అందుకొనవలెను. మాతో వచ్చిన బాలురు మొదట ఒక చేయి చాపగా, వడ్డించుచున్న ముసలి సిక్కు చిరునవ్వుతో ఆగి, వారు రెండవ చేయియు చాపువరకు నిలిచియుండెను. తిన్న తరువాత వారును పళ్లెములు కడుగువారితో కూర్చుండి రైలు వేళవరకు లేవలేదు.